మూతల మేడం

మా పిన్నికి ఆ పేరు పెట్టింది ఆమె సాయం చెయ్యడానికి వెళ్ళిన పేటల్లోని జనం. మెచ్చుకుని పెట్టిన పేరని ఆమె చాలాకాలం నమ్మింది.

సహాయ సంస్థలో ఆమె పని ఇళ్ళ తనిఖీ. వరద వచ్చో, అగ్గి అంటుకునో ఒక పేట నోటి దగ్గర కూడు పోయినప్పుడు సంస్థ అక్కడివాళ్ళకి ఆరు నెలలపాటు బియ్యం, పప్పు, నూనె ఇస్తుంది. ఇవ్వడానికి సరుకు మూడు వందల ఇళ్ళకి ఉంటుంది. చెయ్యి చాచే ఇళ్ళు ఐదు వందలు ఉంటాయి. ఆ రెండు వందల ఇళ్ళకి 'మీకు లేదు' అని చెప్పడానికి ఒక మనిషి కావాలి. సేవే మా ఊపిరి అని గోడమీద రాసుకున్న ప్రతి ఆఫీసులోనూ అలాంటి మనిషి ఒకరుంటారు. గోడమీద వాళ్ళ ఫొటో మాత్రం ఉండదు. మా పిన్ని ఆ మనిషి.

ఆమె పద్ధతి ఇది. కబురు చెయ్యకుండా వెళ్తుంది. పొద్దున్న పదకొండు గంటలకి, ఏ ఇంట్లోనైనా పొయ్యిమీద ఏదో ఒకటి ఉండాల్సిన వేళకి. గుమ్మంలో నిలబడి, ముఖం తుడుచుకుంటూ, "కాసిని మంచినీళ్ళిస్తావా తల్లీ" అంటుంది. ఇంటావిడ బయట పంపు దగ్గరికి చెంబు పట్టుకుని వెళ్తుంది. ఆ ఒక్క నిమిషంలో పిన్ని లోపలికి రెండడుగులు వేసి, కనపడిన గిన్నెలన్నిటి మూతలూ తీసి చూసి, ఎక్కడివక్కడ పెట్టేసి, ఏమీ ఎరగనట్టు మళ్ళీ గుమ్మంలోకి వచ్చి నిలబడుతుంది. నీళ్ళు వస్తాయి. తాగుతుంది. సంచిలోంచి ఫారం తీస్తుంది.

"నోరు అబద్ధం ఆడుతుందే. గిన్నె ఆడదు" అనేది నాతో.

మా బాబాయి గడియారాలు బాగుచేస్తాడు. ఒక కంటికి భూతద్దం బిగించుకుని రోజంతా పళ్ళచక్రాలతో సంసారం చేసే మనిషి కాబట్టి మాటల్లో కాస్త తీరుబడి ఎక్కువ. "అమ్మాయ్, మీ పిన్ని ఇంట్లో ఉన్నప్పుడు నేను అన్నం పెట్టుకోవాలంటే ముందు గిన్నెకి దరఖాస్తు పెట్టుకుంటున్నా" అనేవాడు.

"మీ నోటికి సరిపడే మూత బజార్లో దొరకలేదు గానీ, దొరికితే ముందు అది పెట్టేదాన్ని" అని పిన్ని జవాబు.

ఈ మూతల విద్య ఆమెకి పుట్టింట్లోనే అబ్బింది. మా అమ్మమ్మ నలుగురు పిల్లల్ని ఒక్క చేతిమీద పెంచింది. ఇంట్లో వండడానికి ఏమీ లేని రోజున ఎవరైనా వస్తున్నట్టు కనపడితే, ఖాళీ గిన్నెలమీద మూతలు గట్టిగా బిగించి, పెద్ద గిన్నె మూతమీద ఒక గరిటె అడ్డంగా పెట్టించేది. ఇప్పుడే వడ్డించి లేచినట్టు. వచ్చినవాళ్ళు ఈ ఇంట్లో తిండికి లోటు లేదనుకుని పోవాలి. ఆ గరిటె పెట్టే పని పిన్నిది, ఏడేళ్ళ వయసునుంచీ. పెద్దయ్యాక ఆమె ఒక ఆడపిల్లల హాస్టలు మెస్సులో పదేళ్ళు సూపర్‌వైజరుగా చేసింది. అక్కడ వంటవాళ్ళు తవుడు డబ్బాలో పప్పు, కూరగాయల బుట్ట అడుగున నూనె సీసాలు దాచి ఇంటికి చేరవేసేవాళ్ళు. మూత కింద లేమి దాక్కుంటుందని తల్లి దగ్గర నేర్చుకున్న మనిషి, మూత కింద దొంగతనం దాక్కుంటుందని అక్కడ నేర్చుకుంది. రెండో పాఠానికి జీతం వచ్చింది కాబట్టి మొదటిది మరిచిపోయింది.

సంస్థలో ఇంకో నియమం కూడా ఉండేది. ఒక పొయ్యి, ఒక కుటుంబం, ఒక కార్డు. అన్నదమ్ములు ఒకే ఇంట్లో వండుకు తింటూ సరుకుల కోసం నాలుగు కాపురాలని చెప్పుకోకుండా పెట్టిన నియమం. దాన్ని రాసినవాళ్ళు గ్యాసు స్టవ్వు ఉన్న ఇళ్ళల్లో కూర్చుని రాశారు. ప్రతి పేటలోనూ ఇళ్ళ పేర్లు రాసుకునే రోజున పిన్నే మైకు పట్టుకుని, అక్షరం పొల్లు పోకుండా ఆ నియమం చదివి వినిపించేది.

ఆ ఏడు ఏరు పొంగింది. ఒడ్డున, ఇటుకబట్టీల వెనకాల ఉన్న పేటలో మూడు రోజులపాటు నడుములోతు నీళ్ళు నిలిచాయి. ఆ పేట చివర ఒక సందు ఉంది. అటు నాలుగు, ఇటు మూడు, మొత్తం ఏడిళ్ళు. గోడలన్నిటిమీదా ఒకే ఎత్తున బురద గీత, ఎవరో దారం పట్టి గీసినట్టు. రేకుల కప్పులమీద తడికట్టెలు ఎండబెట్టి ఉన్నాయి. నీళ్ళు తీసిన మూడో వారంలో, ఒక బుధవారం, పిన్ని ఆ సందులోకి వెళ్ళింది.

మొదటి ఇల్లు గుడ్లావిడది. గంప నెత్తిన పెట్టుకుని వీధులు తిరిగి గుడ్లు అమ్మే మనిషి. పొయ్యి చల్లగా ఉంది, గిన్నెలు బోర్లించి ఉన్నాయి. రెండో ఇల్లు రిక్షా తొక్కే అతనిది. అక్కడా అంతే. మూడు, నాలుగు, ఐదు, ఆరు, అన్నీ అంతే. ఎండ నడినెత్తికి వస్తున్నా ఒక్క ఇంట్లోనూ నిప్పు రాజలేదు. ఆరు ఫారాలమీదా 'అర్హులు' అని రాసింది. అప్పుడు తనకి కళ్ళనీళ్ళు తిరిగాయని కూడా చెప్పింది. తనిఖీకి వెళ్ళినవాళ్ళకి తిరిగే కళ్ళనీళ్ళ గురించి ఎక్కువ చెప్పకపోవడమే మంచిది.

ఏడో ఇల్లు ఇస్త్రీ ఆవిడది. ముప్ఫై ఏళ్ళుంటాయి. భర్త ఎక్కడో రోడ్డు పనికి వెళ్ళి ఉన్నాడు. ఇంట్లో ఆమె, అత్తగారు, ఇద్దరు పిల్లలు. ఇస్త్రీ బల్ల ఏటిపాలైంది. ఇస్త్రీ పెట్టె బురదలో దొరికింది గానీ అడుగు పగిలిపోయి ఉంది. పిన్ని నీళ్ళడిగితే ఆమె ఒక్క క్షణం తటపటాయించి, పొయ్యివైపు చూసి, చెంబు తీసుకుని పంపు దగ్గరికి వెళ్ళింది.

పిన్ని లోపలికి అడుగేసింది. పొయ్యిమీద ఉన్నదాన్ని గిన్నె అనడానికి లేదు, గంగాళం. ఒక పక్క లోతుగా సొట్ట పడి ఉంది. విరిగిన చెవి స్థానంలో ఇనుప తీగ చుట్టి ఉంది. మూత తీసేసరికి ఆవిరి ముఖానికి కొట్టింది. అంచుదాకా అన్నం.

ఆ మూత పిన్ని మళ్ళీ పెట్టలేదు.

"ఇంతన్నం ఎవరికి?" అంది, చెంబుతో వస్తున్న ఇస్త్రీ ఆవిడని చూసి.

"మాకేనండి."

"నలుగురికా?"

"ఆ."

"నలుగురికి గంగాళమా?"

ఇస్త్రీ ఆవిడ చెంబు కింద పెట్టింది. "మాకు ఆకలెక్కువండి."

పిన్నికి ముందు నవ్వొచ్చింది. తర్వాత ఒళ్ళు మండింది. ఆరిళ్ళల్లో పిల్లలు ఖాళీ గిన్నెలు చూస్తూ కూర్చుంటే ఏడో ఇంట్లో గంగాళాలు! హాస్టలు మెస్సులో తవుడు డబ్బా మూత తీసిన రోజులు గుర్తొచ్చి ఉంటాయి. మూత చేత్తో పట్టుకునే సందులోకి వచ్చి నిలబడింది. అప్పటికే ఏడు గుమ్మాల్లోనూ మనుషులున్నారు.

"చూశారా అమ్మా! మీ పొయ్యిల్లో పిల్లి లేవలేదు. ఈవిడ మాత్రం పెళ్ళి వంట వండుకుంటోంది. ఇంత పెట్టుకుని ఫారం నింపడానికి సిగ్గుండక్కర్లేదూ?"

గుడ్లావిడ తన గోళ్ళు చూసుకుంది. రిక్షా అతను బీడీ వెతుక్కోవడానికి లోపలికి వెళ్ళాడు. అరుగుమీద కూర్చున్న అత్తగారు ఏదో అనబోతే కోడలు ఆమె భుజంమీద చెయ్యి వేసి ఆపింది.

"రాసుకోండి మేడం" అంది ఇస్త్రీ ఆవిడ. "మాకు లోటు లేదు."

పిన్ని మూత అరుగుమీద పడేసి, ఏడో ఫారంమీద 'అనర్హులు' అని రాసింది. కారణం దగ్గర 'ఆహార నిల్వ సమృద్ధిగా ఉంది' అని రాసింది.

ఆ సాయంత్రం ఆమె మా ఇంటికి వచ్చి ఈ సంగతి విజయగాథలా చెప్పింది. అందరం నవ్వాం. 'ఆకలెక్కువండి' అన్న మాట కొన్నాళ్ళు మా ఇంట్లో ఊతపదం అయింది, రెండోసారి వడ్డించమన్న ప్రతివాడూ అదే అనేవాడు. నేనప్పుడు విశ్వవిద్యాలయంలో చదువుతూ సెలవులకి వచ్చి ఉన్నాను. సంస్థవాళ్ళు పిన్ని పద్ధతిని కొత్తగా చేరేవాళ్ళకి నేర్పడానికి కరపత్రం వెయ్యాలనుకుంటే, దాన్ని రాసిపెట్టింది నేనే. 'మూత పద్ధతి: నిజమైన అవసరాన్ని గుర్తించే సులభ మార్గం.' అందులో మూడో పేరా మొత్తం ఆ బుధవారం గురించే. చాలా బాగా రాశావన్నారు.

రెండు నెలలు గడిచాయి. కార్డులున్న ఇళ్ళకి మళ్ళీ ఒకసారి వెళ్ళి చూడాలని నియమం. ఈసారి పిన్ని ఆ సందుకి వెళ్ళింది శుక్రవారం.

గుడ్లావిడ గుమ్మం దగ్గర ఆగి మామూలుగానే నీళ్ళడిగింది. గుడ్లావిడ మంచంమీద కాళ్ళు చాపుకుని కూర్చుని గంపకి గడ్డి సర్దుతోంది. లేవలేదు. లోపలికి తిరిగి కేకేసింది.

"ఏయ్, మేడంకి నీళ్ళియ్యి. అలాగే ఉప్పు సరిపోయిందో లేదో చూడు, నిన్న చప్పగా ఏడిసింది."

నీళ్ళ చెంబుతో బయటికి వచ్చింది ఇస్త్రీ ఆవిడ. చేతులకి మసి. ఆమె వెనకాల, గుడ్లావిడ పొయ్యిమీద, సొట్ట పడిన గంగాళం ఉడుకుతోంది. చెవి స్థానంలో అదే ఇనుప తీగ.

పిన్ని చెంబు అందుకుంది గానీ తాగలేదు. బయటికి వచ్చి, ఎదురు అరుగుమీద కూర్చున్న అత్తగారి పక్కన నిలబడింది. ఏదో అర్థమవుతోంది, పూర్తిగా కాలేదు. చవకబారు ప్రశ్న ఒకటి అడిగింది.

"మీ కోడలు గుడ్లావిడ దగ్గర వంటకి కుదిరిందా పెద్దమ్మా?"

"కుదరలేదమ్మా" అంది ముసలావిడ. "మీరు కుదిర్చారు."

"నేనా?"

"అందరి మూతలూ తీసి చూస్తారు కదా, మీకు తెలీకపోవడమేంటి? ఏరొచ్చి కట్టెలన్నీ నానిపోయాయి. ఏడు పొయ్యిలు రాజెయ్యడానికి పుల్లలెక్కడివి? రోజుకో ఇంట్లో, ఏడిళ్ళకీ కలిపి వండుకుంటున్నాం. ఎవరి బియ్యం వాళ్ళు తెచ్చి పోస్తారు. పన్నెండయ్యాక గిన్నెలు తెచ్చుకుని పట్టుకుపోతారు. బుధవారం మా వంతు. మీరు బుధవారం వచ్చారు."

పిన్ని చెంబు అరుగుమీద పెట్టింది. "మరి ఆ రోజే ఆ ముక్క చెప్పొచ్చు కదమ్మా."

"చెప్తే? ఒక పొయ్యి, ఒక కార్డు అని మైకులో అరిచింది మీరే కదా. ఏడిళ్ళకీ కలిపి ఒక్క కార్డు మొహాన కొట్టి పొయ్యేవారు. నా కోడలు పిచ్చిది. ఆరిళ్ళ కూడు నిలబెట్టి తన నోట్లో మట్టి కొట్టుకుంది."

"అత్తా, నోరు మూసుకో" అంది కోడలు లోపలినించి.

"మూసుకునే ఉన్నా కదే రెండు నెల్లనించి!" ముసలావిడ గొంతు తగ్గించలేదు. "కార్డు లేదు, బియ్యం పొయ్యలేదు. బియ్యం పొయ్యనివాళ్ళకి ఊరికే ఎన్నాళ్ళు పెడతారు? పెట్టారు, కాదన్ను. ఒక వారం పెట్టారు. రెండో వారంనించి ఇదే వెళ్ళి వండటం మొదలెట్టింది. నేనే వండుతాలే అంది. సరేలే అన్నారు. ఇప్పుడు ఏడు రోజులూ ఏడిళ్ళూ ఇదే తిరుగుతుంది. అప్పుడు 'వదినా, కాస్త చూడు' అనేవాళ్ళు. ఇప్పుడు 'ఏయ్' అంటున్నారు. మీరూ విన్నారుగా."

గుడ్లావిడ గంప సర్దడం ఆపింది గానీ తల ఎత్తలేదు.

"రాసుకోండి ఇప్పుడు" అంది ముసలావిడ. "ఏడిళ్ళకీ ఒకటే పొయ్యి అని రాసుకోండి. మీ కలానికి కూడా ఆకలెక్కువేగా."

ఇస్త్రీ ఆవిడ గుమ్మంలోకి వచ్చి నిలబడింది. పిన్ని చేతిలో ఉన్న ఫారాలకేసి చూస్తోంది. రెండు నెలలు పడ్డ అవమానమంతా ఆ ఫారాలమీద పడబోయే ఒక్క గీతతో వృథా అయిపోతుంది. ఆ సంగతి పిన్నికీ తెలుసు. ఫారాలు సంచిలో పెట్టేసింది. ఆఫీసుకి వెళ్ళి ఆరింటిమీదా 'తాళం వేసి ఉంది' అని రాసింది.

ఇంటికి వచ్చి బాబాయికి చెప్పింది. ఆయన కంటికి ఉన్న భూతద్దం తీసి అంతా విన్నాడు. ఏదైనా వేళాకోళం చేస్తే బాగుండునని పిన్ని చూసింది. ఆయన చెయ్యలేదు.

"ఆ రోజు సందులో ఎంత గట్టిగా అన్నావు?" అని అడిగాడు.

"అందరికీ వినపడేంత."

"మరింకేం" అని మళ్ళీ భూతద్దం పెట్టుకున్నాడు.

"ఆవిడ 'మాకు లోటు లేదు' అందండీ" అంది పిన్ని. "మా అమ్మ అన్నట్టే అంది. మూతమీద గరిటె పెట్టే పిల్లని నేను. నాకు తెలీదూ, ఆ మాట ఎవరంటారో?"



మర్నాడు ఆమె ఆఫీసులో ప్రాజెక్టు అధికారి ముందు కూర్చుంది. ఆమెకన్నా పదిహేనేళ్ళు చిన్నవాడు, మంచివాడు, ప్రతి వాక్యానికీ ముందు 'చూడండి' అంటాడు. పొయ్యి సంగతి చెప్పడానికి వీల్లేదు, చెబితే ఉన్న ఆరు కార్డులకీ ముప్పు. అందుకని పిన్ని వేరే మాట సిద్ధం చేసుకుని వెళ్ళింది.

"ఆ ఇంట్లో నేను మూత తియ్యలేదండి. చూడకుండానే రాశాను. తప్పు నాది. వాళ్ళకి కార్డు ఇవ్వండి."

అతను కంగారుపడ్డాడు. "చూడండి మేడం, మీ పద్ధతిమీద కరపత్రమే వేశాం. అందులో ఉన్న ఉదాహరణ ఆ ఇల్లే. వచ్చే వారం విరాళాలిచ్చేవాళ్ళు వస్తున్నారు, మీరు దగ్గరుండి చూపించాలి. మూత తియ్యలేదని మీరే రాసిస్తే ఎలా?"

"మరి వాళ్ళ కార్డు?"

"కార్డు ఇద్దాం. దానికేముంది? మీ తప్పని రాయక్కర్లేదు. 'కుటుంబ పరిస్థితి మారింది' అని రాద్దాం. పాతదీ నిజమే, కొత్తదీ నిజమే అవుతుంది. ఎవరికీ ఇబ్బంది లేదు."

ఇక్కడ పిన్ని లేచి నిలబడి ఏదో గొప్ప మాట అందని రాస్తే చదివేవాళ్ళకి హాయిగా ఉంటుంది. ఆమె అనలేదు. సరేనంది. మెడమీదినించి బండ దింపినట్టు అనిపించిందని కూడా చెప్పింది నాతో, నా ముఖం చూడకుండా. 'పరిస్థితి మారింది' అన్న వాక్యం కింద సంతకం చేసింది. మిగిలిన నాలుగు నెలలకీ కార్డు వచ్చింది. పోయిన రెండు నెలల సంగతి రాయడానికి ఆ ఫారంలో గడి లేదు.

అదే రోజు, శనివారం మధ్యాహ్నం, కార్డు పట్టుకుని సందుకి వెళ్ళింది. ఆ రోజు పొయ్యి రిక్షా అతని ఇంటి ముందు. అన్నం వార్చేశారు. ఏడిళ్ళవాళ్ళూ గిన్నెలు పట్టుకుని గంగాళం చుట్టూ నిలబడి ఉన్నారు. ఇస్త్రీ ఆవిడ వంగి వడ్డిస్తోంది. పిన్నిని చూడగానే ఎవరో మూత కోసం వెతికారు. ఆ తడుముకోవడం చూసి పిన్ని అక్కడే ఆగిపోయింది.

"కార్డు వచ్చిందమ్మా" అంది దూరంనించే. "మీ పరిస్థితి మారిందని మంజూరు చేశారు."

ఇస్త్రీ ఆవిడ నడుం ఎత్తింది. "ఏం మారింది మేడం?"

"అంటే... అది ఆఫీసు మాట."

"ఏరొచ్చింది, బల్ల పోయింది, పెట్టె పగిలింది. ఆ రోజూ అంతే, ఇవాళా అంతే. ఏం మారిందో చెప్పండి, నేనూ తెలుసుకుంటా."

పిన్ని కార్డు చాపిన చెయ్యి అలాగే ఉంది. ఆవిడ అందుకోవడం లేదు. గిన్నెలు పట్టుకున్నవాళ్ళు దారి ఇస్తున్నట్టు రెండు పక్కలకీ జరిగారు, దాంతో ఇద్దరి మధ్యా ఖాళీ ఏర్పడింది.

"ఆ రోజు నేను... తొందరపడ్డాను" అంది పిన్ని.

"వినపళ్ళేదు మేడం" అంది గుడ్లావిడ వెనకనించి. "ఆ రోజైతే ఏటవతలికి కూడా వినపడింది."

ఇద్దరు ముగ్గురు నవ్వారు. ఇస్త్రీ ఆవిడ గుడ్లావిడ వైపు తిరిగింది. "నీకు వినపడక్కర్లేదులే అక్కా. ఆ రోజు బాగా వినపడిందిగా, అప్పుడు నువ్వేం మాట్లాడావు?"

నవ్వు ఆగిపోయింది. గుడ్లావిడ మళ్ళీ గోళ్ళు చూసుకోబోయింది గానీ రెండు చేతుల్లోనూ గిన్నె ఉంది.

అప్పుడు పిన్ని గొంతు పెంచింది. మైకు పట్టుకుని నియమాలు చదివిన గొంతే, కాకపోతే మధ్యలో రెండుసార్లు తెగింది. "ఈవిడ ఇంట్లోకి నేను అడక్కుండా వెళ్ళాను. అడక్కుండా మూత తీశాను. చూసిందేంటో తెలుసుకోకుండా నోరు పారేసుకున్నాను. ఆ రోజు సిగ్గు లేనిది నాకు. ఈవిడకి కాదు. కార్డు రావడం కూడా నా నిజాయితీ వల్ల రాలేదు, ఇంకో అబద్ధం రాస్తే వచ్చింది."

ఇస్త్రీ ఆవిడ చేతులు తుడుచుకుని వచ్చి కార్డు తీసుకుంది. రెండు వైపులా చూసి, అరుగుమీదున్న అత్తగారి ఒళ్ళో వేసింది. వెనక్కి వెళ్ళి, గరిటె గంగాళం అంచుకి ఆనించింది.

"బుధవారం మాది" అంది. "మిగతా రోజులు ఎవరి వంతు వాళ్ళే చూసుకోండి."

"ఓయమ్మో, నీ చేతి వంటకి అలవాటుపడిపోయాం కదే" అంది గుడ్లావిడ.

"అలవాటు మానుకోండి."

"ఇవాళ్టికి వడ్డించెయ్ వదినా" అన్నాడు రిక్షా అతను. వదినా అన్న మాట అతని నోట్లో కొంచెం తుప్పు పట్టి ఉంది.

"ఇవాళ శనివారం. మీ ఇంటి వంతు."

అతను కాసేపు తన గిన్నెకేసి, కాసేపు గరిటెకేసి చూసి, చివరికి గరిటె తీసుకున్నాడు. మొదటి గరిటె సగం కింద పోశాడు. ముసలావిడ మాత్రం పైకే నవ్వింది.

బుధవారం వాళ్ళకి తిరిగి వచ్చింది. 'ఏయ్' అన్న పిలుపు మాత్రం పూర్తిగా పోలేదట. రెండు నెలలు అలవాటైన నోళ్ళు. ఉప్పు చూడాల్సి వచ్చినప్పుడల్లా ఇప్పటికీ ఎవరో ఒకరు అరుస్తారని, ఇస్త్రీ ఆవిడ ఒక్కోసారి వెళ్తుందనీ ఒక్కోసారి వినపడనట్టు ఊరుకుంటుందనీ అత్తగారు ఆ తర్వాత సరుకులు తీసుకోవడానికి వచ్చినప్పుడు చెప్పింది.

విరాళాలిచ్చేవాళ్ళు వచ్చిన రోజు పిన్ని జ్వరమని సెలవు పెట్టింది. జ్వరం లేదు. ఆమె బదులు కొత్తగా చేరిన ఒక అమ్మాయి మూత పద్ధతి చూపించింది, పిన్నికన్నా చురుగ్గా చూపించిందట. తర్వాత నెలలో పిన్ని అడిగి మరీ గోదాముకి మారింది. అక్కడ జనం ఇచ్చిన పాత బట్టలు పిల్లలవి, పెద్దలవి అని వేరుచేసి మూటలు కడుతుంది. కరపత్రం ఆపమని సంస్థకి ఉత్తరం రాసింది. నేనూ రాశాను. 'మీ సేవలకు కృతజ్ఞతలు' అని ఇద్దరికీ ఒకే జవాబు వచ్చింది. కరపత్రం రెండో ముద్రణకి వెళ్ళింది. బొమ్మ మార్చారు, మూడో పేరా అలాగే ఉంది. అందులో ఒక్క అచ్చుతప్పు కూడా లేదు, నేనే దిద్దాను.

ఇదంతా పిన్ని నాకు ముక్కలు ముక్కలుగా, చాలా ఏళ్ళమీద చెప్పింది. ఒక్క ముక్క మాత్రం నిరుడే చెప్పింది. గోదాములో ఇద్దరం మూటలు కడుతున్నాం. ఎండగా ఉంది. ఎదురుగా ఉన్న ఆఫీసులో నీళ్ళ కూజా ఉంది, వెళ్ళి తాగుదాం రమ్మన్నాను. ఆమె సంచిలోంచి తన సీసా తీసింది. ఎక్కడికి వెళ్ళినా ఆ సీసా ఉంటుంది. ఎవరింట్లోనూ నీళ్ళు తాగదు. చాదస్తం అనుకునేవాళ్ళం.

"ఆ శనివారం వచ్చేస్తుంటే ఆవిడ వెనకనించి పిలిచిందే" అంది మూత తిప్పుతూ. "'మేడం, మంచినీళ్ళు తెమ్మంటారా?' అంది."

"ఎగతాళికా?"

"ఏమో. ఎగతాళికో, నిజంగానే అడిగిందో, ఇప్పటికీ తెలీదు. నా గొంతు పిడచకట్టుకుపోయి ఉంది. ఆవిడకి కనపడే ఉంటుంది."

"ఏమన్నావు మరి?"

"వద్దన్నాను."

"అంత దాహం వేస్తుంటే ఎందుకు వద్దన్నావు పిన్నీ?"

ఆమె సీసా ఎత్తి రెండు గుక్కలు తాగి, మూత బిగించి, బిగిసిందో లేదో మళ్ళీ ఒకసారి చూసింది.

"ఆవిడ పంపు దగ్గరికి వెళ్తే నేను ఆ గుమ్మంలో ఒక్కదాన్నే నిలబడాలి కదే. ఏడిళ్ళవాళ్ళూ నా చేతులకేసే చూస్తారు."